తండ్రి సీటు, కూతురి సీటు – అసలు సీటు ఎవరిది?

మన హాస్టళ్ళలో వక్తృత్వ పోటీ పెట్టారంటే "వారసత్వ రాజకీయాలు ప్రజాస్వామ్యానికి చేటు" అనే అంశం ఏదో ఒక ఏడాది తప్పకుండా వస్తుంది. మాట్లాడేవాళ్ళు నెహ్రూ దగ్గర మొదలుపెట్టి, ఎన్.టి.ఆర్. మీదుగా వై.ఎస్. దాకా వచ్చి, చప్పట్లు కొట్టించుకుని కూర్చుంటారు. అందులో తప్పేమీ లేదు. కానీ ఆ ఉపన్యాసాల్లో మనవాళ్ళ పేర్లు ఎందుకు రావు? మనలో రాజకీయ కుటుంబాలు లేవా? ఉన్నాయి. తండ్రి తర్వాత కూతురు, భర్త తర్వాత భార్య, తల్లి తర్వాత కూతురు గెలిచిన సందర్భాలు మన ఎస్సీ నాయకుల్లోనూ ఉన్నాయి. మరి వాళ్ళ వారసత్వమూ, జనరల్ సీట్లలోని పెద్ద కుటుంబాల వారసత్వమూ ఒకటేనా? కాదని నా అభిప్రాయం. ఎకరాలు వారసత్వంగా వచ్చినవాడూ వారసుడే, కౌలు కాగితం వారసత్వంగా వచ్చినవాడూ వారసుడే. ఇద్దర్నీ ఒకే గాటన కట్టెయ్యడం న్యాయం కాదు.

ముందు మన ఏలూరు సంగతే చూద్దాం. 2014లో ఏలూరు లోక్‌సభ సీటు గెలిచిన మాగంటి వెంకటేశ్వరరావు (బాబు) గారి తండ్రి రవీంద్రనాథ్ చౌదరి గారు రాష్ట్రంలో మంత్రిగా చేసినవారు. 2019లో ఆయన్ని ఓడించిన కోటగిరి శ్రీధర్ గారు, చింతలపూడిలో ఏళ్ళ తరబడి శాసనసభ్యుడిగా, మంత్రిగా ఉన్న కోటగిరి విద్యాధరరావు గారి కుమారుడు. 2024లో అయితే రెండు ప్రధాన పక్షాల అభ్యర్థులూ కొడుకులే. గెలిచిన పుట్టా మహేష్ కుమార్ గారి తండ్రి సుధాకర్ యాదవ్ గారు అదే ఎన్నికల్లో ఎక్కడో కడప జిల్లా మైదుకూరులో గెలిచారు. మామగారు యనమల రామకృష్ణుడు గారు. ఓడిపోయిన కారుమూరి సునీల్ కుమార్ గారి తండ్రి నాగేశ్వరరావు గారు అప్పటి మంత్రి, తణుకు ఎమ్మెల్యే. ఏలూరు అసెంబ్లీలో 2014లో గెలిచిన బడేటి బుజ్జి గారు 2019 డిసెంబరులో చనిపోతే, 2024లో ఆయన తమ్ముడు రాధాకృష్ణయ్య గారు గెలిచారు. ఇదంతా మీకు తెలిసిందే. ఇందులో గమనించాల్సింది ఒకటుంది. 2009లో నియోజకవర్గాల పునర్విభజన అమల్లోకి వచ్చి చింతలపూడి ఎస్సీ రిజర్వుడు అయింది. కోటగిరి వారి సొంత సీటు పోయింది. పదేళ్ళు తిరిగేసరికి కొడుకు అంతకంటే పెద్ద సీటులో, ఢిల్లీలో తేలారు. ఇంటి ముందు గది పోతే మేడ మీద గది దొరికినట్టు.

ఇప్పుడు అసలు మనిషి దగ్గరకు వస్తాను. తానేటి వనిత గారు. తాడేపల్లిగూడెం నుంచి నల్లజర్ల మీదుగా పైకి వెళితే వచ్చే గోపాలపురం నియోజకవర్గం వాళ్ళ కుటుంబానిది అని మన పెద్దలు అంటుంటారు. ఆవిడ తండ్రి జొన్నకూటి బాబాజీరావు గారు 1990లలో తెలుగుదేశం తరఫున అక్కడి శాసనసభ్యుడు. గోపాలపురం పునర్విభజనకు ముందూ రిజర్వుడే, తర్వాతా రిజర్వుడే. 2009లో అదే పార్టీ టికెట్ మీద కూతురు అదే సీటు గెలిచారు. ఇక్కడి దాకా కథ ఏ రాజకీయ కుటుంబానిదైనా ఇలాగే ఉంటుంది.

తర్వాతే తేడా మొదలవుతుంది. 2014 ఎన్నికల నాటికి ఆవిడ వై.ఎస్.ఆర్. కాంగ్రెస్‌లో ఉన్నారు. ఆ పార్టీ ఆవిడకు తండ్రి సీటు ఇవ్వలేదు, కొవ్వూరు ఇచ్చింది. అక్కడ తెలుగుదేశం అభ్యర్థి కె.ఎస్. జవహర్ గారి చేతిలో ఓడిపోయారు. 2019లో కొవ్వూరులోనే గెలిచి, వచ్చిన ప్రభుత్వంలో మహిళా శిశు సంక్షేమ శాఖ మంత్రి అయ్యారు. 2022 ఏప్రిల్ మంత్రివర్గ మార్పుల్లో హోంమంత్రి అయ్యారు. రాష్ట్ర హోంమంత్రి! అంత హోదాలో ఉన్న మనిషిని 2024లో కొవ్వూరు నుంచి తీసేసి మళ్ళీ గోపాలపురం పంపారు. గోపాలపురం ఎమ్మెల్యే తలారి వెంకట్రావు గారిని కొవ్వూరు పంపారు. అటుది ఇటు, ఇటుది అటు. ఇద్దరూ ఓడిపోయారు. కొవ్వూరులో గెలిచిన ముప్పిడి వెంకటేశ్వరరావు గారు ఎవరనుకున్నారు? 2014లో గోపాలపురం ఎమ్మెల్యే. అంటే అవతలి పార్టీ కూడా తన మనిషిని ఆ సీటు నుంచి ఈ సీటుకు మార్చింది. 2014లో కొవ్వూరు గెలిచి మంత్రి అయిన జవహర్ గారిని 2019లో ఎక్కడికి పంపారు? కృష్ణా జిల్లా తిరువూరుకి. అదీ రిజర్వుడే.

మా చిన్నప్పుడు అరుగు మీద పులి–మేక ఆట ఆడేవాళ్ళం. ఎవరి పులి ఎక్కడ కూర్చోవాలో ఆడేవాడు చెబుతాడు గానీ పులిని ఎవరూ అడగరు.

ఇదేదో నా ఊహ అనుకోకండి. లెక్క తీసి చూశాను. పాత పశ్చిమ గోదావరి జిల్లాలో 2009 నుంచి ఎస్సీ రిజర్వుడు సీట్లు మూడు – కొవ్వూరు, గోపాలపురం, చింతలపూడి. 2009, 2014, 2019, 2024 – నాలుగు ఎన్నికలు. కొవ్వూరులో వరసగా టి.వి. రామారావు, జవహర్, వనిత, ముప్పిడి వెంకటేశ్వరరావు. గోపాలపురంలో వనిత, ముప్పిడి, తలారి వెంకట్రావు, మద్దిపాటి వెంకటరాజు. చింతలపూడిలో మద్దాల రాజేష్, పీతల సుజాత, ఉన్నమట్ల ఎలీజా, సొంగా రోషన్. మూడు సీట్లు, నాలుగు ఎన్నికలు, పన్నెండు గెలుపులు. ఒక్కరంటే ఒక్కరు కూడా ఒకే సీటులో రెండోసారి గెలవలేదు. పక్కనే ఉన్న జనరల్ సీట్లు చూడండి. దెందులూరులో చింతమనేని ప్రభాకర్ గారు 2009, 2014, 2024ల్లో మూడుసార్లు. పాలకొల్లులో నిమ్మల రామానాయుడు గారు 2014, 2019, 2024ల్లో వరసగా మూడుసార్లు. ఏలూరులో ఆళ్ళ నాని గారు 2004, 2009, 2019ల్లో. ఒక నాయకుడు ఒక ఊళ్ళో వేళ్ళూనుకోవాలంటే కనీసం రెండు దఫాలు కావాలి. మొదటి ఐదేళ్ళు ఆఫీసులు తెలుసుకోవడానికే సరిపోతాయి. మనవాళ్ళకు ఆ రెండో దఫా అక్కడే దొరకడం లేదు.

గాలిని బట్టి ఓటర్లు మార్చారు, పార్టీలదేం తప్పు అంటారా? కొంత నిజమే. 2019లోనూ, 2024లోనూ గాలి బలంగా వీచింది. ఆ గాలికి జనరల్ సీట్లలో మహామహులే కొట్టుకుపోయారు. 2024లో వై.ఎస్.ఆర్. కాంగ్రెస్ ఓసీ, బీసీ అభ్యర్థులను కూడా చాలామందిని మార్చిందన్నదీ నిజమే. కానీ గాలికి పడిపోయిన ప్రభాకర్ గారు మళ్ళీ దెందులూరులోనే లేచారు. ఆయన్ని ఎవరూ ఇంకో ఊరు పంపలేదు. 2014లో చింతలపూడి గెలిచి మంత్రి కూడా అయిన పీతల సుజాత గారికి 2019లో టికెట్టే రాలేదు. పడిపోయాక లేవనిచ్చేవాళ్ళు ఉండటమే అసలైన ఆస్తి.

ఇంకో ముచ్చట. 2019 కొవ్వూరు పోటీలో వనిత గారి మీద తెలుగుదేశం ఎవరిని నిలబెట్టిందో గుర్తుందా? విశాఖ జిల్లా పాయకరావుపేటలో 2014లో గెలిచిన వంగలపూడి అనిత గారిని. ఆవిడ ఒకప్పటి టీచరు. కుటుంబ వారసత్వం కాదు, ఉద్యోగం మానేసి వచ్చిన మనిషి. సొంత సీటు కాదని, జిల్లా దాటించి గోదావరి ఒడ్డుకు తెచ్చి నిలబెట్టారు. ఓడిపోయారు. 2024లో మళ్ళీ పాయకరావుపేట వెళ్ళి గెలిచి, ఆ జూన్‌లో హోంమంత్రి అయ్యారు. వనిత గారి కంటే ముందు, 2019 నుంచి 2022 దాకా హోంమంత్రిగా చేసిన మేకతోటి సుచరిత గారిని ఆ పదవి నుంచి తప్పించాక, 2024లో ప్రత్తిపాడు నుంచి తాడికొండ పంపారు. వరసగా ముగ్గురు దళిత మహిళలు ఆంధ్రప్రదేశ్‌కి హోంమంత్రులు. వినడానికి ఎంత గొప్పగా ఉంది! ముగ్గురినీ ఏదో ఒక ఎన్నికలో సొంత సీటు నుంచి లేపి వేరే చోట కూర్చోబెట్టారు. ఇందులో ఒకరు రాజకీయ కుటుంబం బిడ్డ, ఒకరు టీచరు. పార్టీలు రెండు. జరిగింది మాత్రం ఒకటే.

అందుకే అంటున్నాను, వనిత గారికి తండ్రి నుంచి వచ్చింది పేరు, పరిచయాలు, శాసనసభ అంటే ఏమిటో ఇంట్లోనే వినే అవకాశం. అది తక్కువ కాదు. మా ఇంట్లో డిగ్రీ చదివినవాడిని నేనే మొదటివాడిని. ఎం.ఆర్.ఓ. ఆఫీసులో ఏ కిటికీ దగ్గర నిలబడాలో చెప్పేవాళ్ళు కూడా మాకు లేరు. కాబట్టి ఆ పాటి వారసత్వం విలువ నాకు బాగా తెలుసు. కానీ సీటు మాత్రం ఆవిడకు వారసత్వంగా రాలేదు. ఎందుకంటే అది తండ్రిది కూడా కాదు.

ఎవరిదో అర్థం కావాలంటే కొల్లేరు వెళ్ళాలి. 1970లలో జలగం వెంగళరావు గారు ముఖ్యమంత్రిగా ఉన్నప్పుడు కొల్లేరులో చేపల చెరువులు తవ్వించి మత్స్యకారుల సొసైటీలకు, ఎస్సీల సొసైటీలకు ఇచ్చారు. పేదవాడికి చెరువు! ఆలోచన గొప్పదే. కానీ చేపపిల్ల కొనాలన్నా, తవుడూ చెక్కా వెయ్యాలన్నా, పట్టుబడి నాడు ఐసు, లారీ మాట్లాడాలన్నా డబ్బు కావాలి. డబ్బు ఉన్నవాడు గట్టు మీదకు వచ్చాడు. కాగితం మీద సొసైటీ మనది, లీజు ఆయనది. ఏడాదికింత అని చేతిలో పెట్టాడు. సభ్యుడు తన చెరువుకు తానే కాపలా కూలీ అయ్యాడు. తర్వాత 1999లో అయిదో కాంటూరు దాకా 308 చదరపు కిలోమీటర్లు అభయారణ్యంగా ప్రకటించారు. 2006లో "ఆపరేషన్ కొల్లేరు" పేరుతో గట్లు కొట్టేశారు. లీజుదారు తన డబ్బు తీసుకుని ఇంకో చోట, పట్టా భూముల్లో చెరువు తవ్వుకున్నాడు. సొసైటీ సభ్యుడికి లంకలో ఇల్లూ, చేతిలో పాస్ పుస్తకమూ మిగిలాయి.

రిజర్వుడు నియోజకవర్గం సరిగ్గా ఇలాంటి చెరువే. సభ్యత్వం మనది. నామినేషన్ పత్రం మీద కుల ధృవీకరణ మనది. డిపాజిట్ కూడా మనకు సగమే, అసెంబ్లీకి పదివేలకు బదులు అయిదువేలు. ప్రభుత్వం ఇచ్చే రాయితీ అంతటితో సరి. ఎన్నికల సంఘం 2022లో అసెంబ్లీ అభ్యర్థి ఖర్చు పరిమితిని 40 లక్షలు చేసింది. పరిమితే 40 లక్షలంటే, పరిమితి దాటి ఎంత అవుతుందో ఊళ్ళలో తిరిగే మనకు ఎవరూ చెప్పక్కర్లేదు. ఆ డబ్బు పెట్టేదెవరు? ఏ మండలంలో ఎవరి మాట చెల్లుతుందో ఆ పెద్దలు. గెలిచాక ఆ పెద్దల మాట వినకపోతే ఏమవుతుంది? పక్క సీటులో మనలాంటివాడే ఇంకొకడు సిద్ధంగా ఉంటాడు. అటుది ఇటు, ఇటుది అటు.

ఈ చిక్కు ఈనాటిది కాదు. 1932 సెప్టెంబరులో పూనా ఒప్పందం మీద డాక్టర్ అంబేద్కర్ గారు సంతకం పెట్టినప్పుడే దీనికి విత్తనం పడింది. అంతకుముందు బ్రిటిష్ ప్రభుత్వం ప్రకటించిన ప్రత్యేక నియోజకవర్గాల్లో మనవాళ్ళే ఓటు వేసి మన ప్రతినిధిని ఎన్నుకునేవారు. గాంధీ గారి నిరాహార దీక్ష వల్ల అది పోయింది. బదులుగా రాష్ట్రాల శాసనసభల్లో మన సీట్లు 71 నుంచి 148 అయ్యాయి గానీ, ఓటు మాత్రం అందరూ వేస్తారు. మనం పరీక్షల కోసం చదివేది ఇక్కడితో ఆగిపోతుంది. ఒప్పందంలో ఇంకో మాట కూడా ఉంది. ప్రతి రిజర్వుడు సీటుకూ ముందుగా మన ఓటర్లే ఓటు వేసి నలుగురిని ఎంపిక చేస్తారు. ఆ నలుగురిలో ఒకరిని అందరూ కలిసి ఎన్నుకుంటారు. ఈ మొదటి అంచె పదేళ్ళే అని గడువు పెట్టారు. స్వతంత్ర భారతంలో అది లేదు. ఇప్పుడు ఆ నలుగురి జాబితా తయారయ్యేది మన పేటలో కాదు, పార్టీ ఆఫీసులో.

ఉమ్మడి ఓటు అంటే ఏమిటో అంబేద్కర్ గారికే 1952లో అనుభవమైంది. బొంబాయిలో రిజర్వుడు స్థానానికి నిలబడితే కాంగ్రెస్ అభ్యర్థి కజ్రోల్కర్ గెలిచారు. 1954లో భండారా ఉప ఎన్నికలోనూ బాబాసాహెబ్ ఓడిపోయారు. రాజ్యాంగం రాసిన మనిషిని కాదని పార్టీ మాట వినే మనిషిని గెలిపించుకున్న వ్యవస్థలో, వనిత గారో అనిత గారో ఎంత?

అలా అని వనిత గారిని వెనకేసుకు రావడం నా ఉద్దేశం కాదు. కుర్చీలో కూర్చున్న రెండేళ్ళ గురించి మాట్లాడుకోవాలి. 2022 మేలో రేపల్లె రైల్వే స్టేషన్లో ఒక వలస కూలీ మహిళపై సామూహిక అత్యాచారం జరిగితే, నిందితులు ఆ ఉద్దేశంతో రాలేదన్న అర్థం వచ్చేలా ఆవిడ మాట్లాడారు. ఒక మహిళ, ఒక దళిత మహిళ, అందులోనూ హోంమంత్రి ఆ మాట అనడం నాకు ఈనాటికీ మింగుడు పడదు. అదే నెలలో కాకినాడలో ఒక దళిత యువకుడి హత్య కేసులో అధికార పార్టీ ఎమ్మెల్సీ అరెస్టయ్యారు. చనిపోయినతను ఆ ఎమ్మెల్సీ దగ్గర డ్రైవరుగా చేసినవాడు. అరెస్టు జరగడానికి ఆ కుటుంబమూ, దళిత సంఘాలూ మార్చురీ దగ్గర రోడ్డెక్కాల్సి వచ్చింది. మన బిడ్డ హోంమంత్రిగా ఉన్నప్పుడు కూడా రోడ్డెక్కాలా అని మన పేటల్లో అడిగినవాళ్ళు ఉన్నారు. అడగడం తప్పు కాదు.

ఆ నెల అక్కడితో అయిపోలేదు. మే 24న అమలాపురం తగలబడింది. కోనసీమ జిల్లాకు అంబేద్కర్ పేరు పెట్టడం ఇష్టంలేని గుంపు మంత్రి పినిపే విశ్వరూప్ గారి ఇంటికీ, ముమ్మిడివరం ఎమ్మెల్యే పొన్నాడ సతీష్ గారి ఇంటికీ నిప్పు పెట్టింది. విశ్వరూప్ గారు దళితుడు, రాష్ట్ర మంత్రి. హోంమంత్రి దళిత మహిళ. జిల్లాకు పెట్టదలచింది అంబేద్కర్ పేరు. ఇన్ని ఉన్నా గుంపు ఆగలేదంటే, పదవికీ అధికారానికీ మధ్య ఎంత దూరం ఉందో చూడండి. పేరు మాత్రం చివరకు నిలబడింది, అది వేరే సంగతి.

ఒక్క విషయం కూడా చెప్పాలి, లేకపోతే ఆవిడకు అన్యాయం చేసినట్టు. మన రాష్ట్రంలో ఐ.పి.ఎస్. అధికారుల బదిలీ ఉత్తర్వులు సాధారణ పరిపాలన శాఖ నుంచి వస్తాయి. ఆ శాఖ ముఖ్యమంత్రి దగ్గర ఉంటుంది. ఎస్పీని ఎక్కడ వెయ్యాలో హోంమంత్రి చేతిలో లేనప్పుడు, ఎస్పీ ఎవరి ఫోనుకు లేచి నిలబడతాడు? పార్టీ మారినా పరిస్థితి మారలేదనడానికి 2024 నవంబరే సాక్ష్యం. ఉప ముఖ్యమంత్రి పవన్ కళ్యాణ్ గారు పిఠాపురం సభలో, శాంతి భద్రతలకు హోంమంత్రి అనిత గారు బాధ్యత వహించాలని, తాను హోంశాఖ తీసుకుంటే పరిస్థితి వేరేగా ఉంటుందని బహిరంగంగా అన్నారు. సాటి మంత్రిని మైకులో మందలించడం! ఆ శాఖలో వేరే కులం పెద్దమనిషి ఉండి ఉంటే అదే మాట అదే గొంతుతో వచ్చేదా? నాకు అనుమానమే.

ఇక మన రాజకీయ కుటుంబాల్లో నాకు బాగా నచ్చిన కుటుంబం ఒకటుంది, తెలంగాణది. జె. ఈశ్వరీబాయి గారు రిపబ్లికన్ పార్టీ నాయకురాలు, అంటే అంబేద్కర్ గారి ఆలోచనతో పుట్టిన పార్టీ. 1967లో ఎల్లారెడ్డిలో గెలిచారు. ఓడిపోయింది ఎవరు? టి.ఎన్. సదాలక్ష్మి గారు, అప్పటికే మంత్రిగా చేసిన దళిత నాయకురాలు. చూడండి, యాభై ఏళ్ళ తర్వాత కొవ్వూరులో వనిత, అనిత గార్లకు జరిగిందే అప్పుడు వాళ్ళకూ జరిగింది. ఉన్న ఒక్క కుర్చీ కోసం మన ఇద్దరు ఆడబిడ్డలు పోట్లాడుకోవాలి. ఈశ్వరీబాయి గారి కుమార్తె గీతారెడ్డి గారు డాక్టరు. కాంగ్రెస్ తరఫున 1989లో, 2004లో గజ్వేలు గెలిచారు. 2009లో గజ్వేలు జనరల్ అయింది. ఆవిడ జహీరాబాద్ వెళ్ళారు, అక్కడా రెండుసార్లు గెలిచారు. ఆవిడ ఖాళీ చేసిన గజ్వేలులో 2014లో కె.సి.ఆర్. గారు గెలిచి ముఖ్యమంత్రి అయ్యారు. తల్లికి సొంత జెండా ఉంది. కూతురికి అధికారంలో ఉన్న జెండా దొరికింది. ఎవరు ఎక్కువ చెయ్యగలిగారో మీరే తేల్చుకోండి. నేను మాత్రం తల్లి వైపే.

బాలయోగి గారిని తల్చుకోకుండా కొల్లేరు పక్కన కూర్చుని ఈ వ్యాసం రాయలేను. లోక్‌సభకు తొలి దళిత స్పీకరు. 2002 మార్చి 3న ఆయన ప్రయాణిస్తున్న హెలికాప్టరు కూలింది మన కైకలూరు దగ్గర కొవ్వాడలంక చేపల చెరువులోనే. అదే ఏడాది ఉప ఎన్నికలో ఆయన భార్య విజయకుమారి గారు అమలాపురం గెలిచారు. 2004లో ఆ సీటు ఆ ఇంటి చేతిలోంచి పోయింది. కొడుకు హరీష్ మాథుర్ గారు 2019లో ఓడి, 2024లో గెలిచారు. ఇరవై ఏళ్ళ విరామం! స్పీకరు కుర్చీలో కూర్చున్న మనిషి ఇంటికే ఇరవై ఏళ్ళు పట్టింది. జనరల్ సీట్లలో ఏ స్పీకరు కొడుకైనా అన్నాళ్ళు బయట నిలబడ్డాడా అని నాకు అడగాలనిపిస్తుంది.

మా రూమ్మేటుతో ఈ విషయం మీద చాలా రాత్రులు వాదించాను. అతను అనేది ఇది: "నువ్వెంత చెప్పినా వాళ్ళూ వారసులే. మంత్రి కూతురికి ఇచ్చే టికెట్ మన హాస్టల్ కుర్రాడికి ఇవ్వరుగా?" అది నిజం. మనలోనూ ఒక పొర తయారైంది. డాక్టర్లు, ఆఫీసర్లు, మాజీ ఎమ్మెల్యేల పిల్లలు. పార్టీ ఆఫీసుకు వాళ్ళే ముందు కనబడతారు. కూలి చేసుకునే ఇంటి నుంచి వచ్చినవాడు సర్పంచి రిజర్వేషన్ దగ్గరే ఆగిపోతున్నాడు. ఆ సర్పంచి పదవిలో కూడా పెత్తనం ఎవరిదో ప్రతి ఊళ్ళోనూ తెలుసు. అయితే నేను అతనికి చెప్పేది, లీజుదారుని వదిలేసి సొసైటీ ప్రెసిడెంటుతో తగువు పెట్టుకుంటే చెరువు తిరిగి రాదు. ప్రెసిడెంటును కూడా అడగాలి, కాదనను. ముందు అడగాల్సింది మాత్రం ప్రెసిడెంటును కాదు.

దారి లేదా అంటే, కొంత మన చేతిలోనే ఉంది. పూనా ఒప్పందంలో పోయిన ఆ మొదటి అంచెను చట్టం మళ్ళీ ఇవ్వదు. కానీ ఎన్నికలకు ఆరు నెలల ముందు మన సంఘాలు, ఉద్యోగులు, చర్చి పెద్దలు, హాస్టల్ పూర్వ విద్యార్థులు కూర్చుని, ఈ నియోజకవర్గంలో మాకు ఈ నలుగురిలో ఎవరైనా ఫరవాలేదు, పక్క సీటు నుంచి తెస్తే మాత్రం ఒప్పుకోం అని రెండు పార్టీలకూ కాగితం ఇవ్వడానికి ఏ చట్టం కావాలి? ఇస్తే వింటారా అంటే, మొదటిసారి వినరు.

ఈ మాటకు తొందర ఎందుకంటే, మళ్ళీ సీట్లు కదలబోతున్నాయి. 2023లో చేసిన 106వ రాజ్యాంగ సవరణ ప్రకారం, జనాభా లెక్కల తర్వాత జరిగే పునర్విభజనతో శాసనసభల్లో మూడో వంతు సీట్లు మహిళలకు వెళతాయి. ఎస్సీ సీట్లలోనూ మూడో వంతు మన మహిళలకే. ఆపైన ప్రతి పునర్విభజనకూ ఆ సీట్లు మారుతుంటాయి. 2009కి ముందు ఆచంట రిజర్వుడు. 2004లో అక్కడ గెలిచిన పీతల సుజాత గారు ఆచంట జనరల్ కాగానే చింతలపూడి వెతుక్కోవాల్సి వచ్చింది. రేపు గోపాలపురం ఏమవుతుందో, కొవ్వూరు ఏమవుతుందో! ఒకటి మాత్రం నిజం. మహిళా సీటు అనగానే మంత్రుల కూతుళ్ళు, ఎమ్మెల్యేల భార్యల పేర్లు ముందు వరసలోకి వస్తాయి. మన బాలికల హాస్టళ్ళలో ఇప్పుడు ఇంటర్ చదువుతున్న చెల్లెళ్ళకు అప్పటికి ఓటు వచ్చి ఉంటుంది, కొందరికి పోటీ చేసే వయసూ వచ్చి ఉంటుంది. ఓటు అడగడానికి ఏ అమ్మగారు మీ గుమ్మం ముందుకు వచ్చినా, ఆవిడ ఎవరి కూతురని అడగకండి. అది పోస్టరు మీద ఎలాగూ వేస్తారు. ఈ టికెట్ కోసం మీరు మొట్టమొదట ఎవరింటికి వెళ్ళారమ్మా అని అడగండి.